బౌద్ధ క్రైస్తవ మార్మిక చింతన

పరమసత్యమును వినికిడిచే గాక స్వానుభవముచే నెఱుగగోరు చింతనను మార్మిక చింతన యందురు. ఇందు మంత్రతంత్రములకు గాని గారడీలకు గాని తావు లేదు. బౌద్ధ క్రైస్తవ మతములయందలి యీ చింతన యెచ్చట కలియుచున్నదో, యెచ్చట విడిపోవుచున్నదో, నేటి విద్యార్థులకు దానితో నేమి పని యో యిచ్చట సంగ్రహముగా విచారింతము.

దుఃఖమునకు తృష్ణయే మూలమని బుద్ధుడు బోధించెను. ఆయన చూపిన అష్టాంగమార్గము శీలము, సమాధి, ప్రజ్ఞ యని మూడు భాగములుగా నున్నది. సమ్యక్ స్మృతి యనగా శ్వాసను, శరీరమును, మనస్సునందు బుట్టి గిట్టు భావములను అంటక గమనించుట. అట్లు గమనించువానికి ‘నేను’, ‘నాది’ యను పట్టు సడలును. ఆంధ్రదేశముతో సంబంధము గలవాడని ప్రసిద్ధి చెందిన ఆచార్య నాగార్జునుడు దీనినే శూన్యతాసిద్ధాంతముగా విస్తరించెను. శూన్యత యనగా నేమియు లేకపోవుట గాదు. దీపము వత్తిని, నూనెను, గాలిని ఆశ్రయించి వెలుగునట్లు, ప్రతి వస్తువును ఇతర కారణముల నాశ్రయించియే యుండునని దాని భావము.

క్రైస్తవులలో నిట్టి చింతనకు ప్రసిద్ధుడు ఎక్‌హార్ట్. ఈయన సుమారు 1260లో జర్మనీ దేశమున జన్మించి, డొమినికన్ సన్యాసియై, పారిస్ నగరమున దైవశాస్త్రము బోధించెను. ధనకీర్తులనే గాక, దేవుని గూర్చి మనము కల్పించుకొనిన రూపములను సైతము విడిచిననే హృదయము దేవునికి నివాసయోగ్య మగునని యాయన యుపదేశము. ఆయన మరణానంతరము, 1329లో, పోపు ఇరువదిరెండవ యోహాను ఆయన వాక్యములలో 28 టిని ఆక్షేపించెను. అయినను ఆయన ప్రసంగములు నేటికిని చదువబడుచున్నవి.

ఈ యిరువురి బోధలును రోగి మంచము చెంత కలిసికొనుట మిక్కిలి గమనింపదగినది. అతిసారముచే బాధపడుచు, దిక్కులేక పడియున్న యొక భిక్షువును బుద్ధుడు ఆనందునితో గూడ స్వయముగా కడిగి పడుకొనబెట్టెనని వినయపిటకము చెప్పుచున్నది. తనకు సేవ చేయగోరువారు రోగికి సేవ చేయవలెనని యాయన శిష్యుల కాజ్ఞాపించెను. ధ్యానపారవశ్యమునం దున్నను, ఆకలిగొన్న రోగికి గంజి కావలసి వచ్చినచో, ఆ పారవశ్యమును విడిచి లేచుటయే మేలని ఎక్‌హార్ట్ బోధించెను. కావున నిజమైన ధ్యానము లోకమునుండి పాఱిపోవుట గాదు.

అయినను భేదమును మఱువరాదు. బుద్ధుడు సృష్టికర్తను ఆధారముగా జేసికొని బోధింపలేదు. నిత్యమగు ఆత్మను అంగీకరింపలేదు. తృష్ణ యారిపోవుటయే నిర్వాణము. క్రైస్తవుని మౌనమో, తండ్రి మాటకై చెవియొగ్గిన బిడ్డ మౌనము. అతని గమ్యము ప్రేమించు దేవునితో నైక్యము. అది కృపచే లభించునే గాని ప్రయత్నమాత్రముచే లభింపదు. రెండు నొక్కటే యని తేలికగా బలుకుట యే మతమునకును న్యాయము గాదు. భేదము నెఱిగియు గౌరవించుటయే నిజమైన స్నేహము.

ఇట్టి స్నేహమునకు దృష్టాంతములు గలవు. జపాను పండితుడు సుజుకీ 1957లో ఎక్‌హార్ట్ బోధలను బౌద్ధముతో బోల్చి గ్రంథము ప్రకటించెను. అమెరికా సన్యాసి థామస్ మెర్టన్ 1968లో ధర్మశాలకు వచ్చి దలైలామాతో ధ్యానమును గూర్చి సంభాషించెను. ఆ సంవత్సరమే డిసెంబరు 10వ తేదీన బాంకాకు సమీపమున మరణించెను. 1979లో కబాట్-జిన్ అను నాతడు అమెరికాలో స్మృతిసాధనను రోగుల యుపశమనమునకై ప్రవేశపెట్టెను. ఇది మేలే. కాని శీలమును విడిచి ధ్యానమును మాత్రము పట్టుకొనినచో, మనస్సు నెమ్మదించినను స్వార్థము నెమ్మదిగానే పెరుగవచ్చును.

నేడు చేతిలోని ఫోను క్షణక్షణమును మన మనస్సును బిలుచుచున్నది. చదువునకు గూర్చున్న బాలుడు పుట తిరుగకముందే పది చోట్లకు బోయి వచ్చుచున్నాడు. పెద్దలమైన మేమును దీనికి వెలుపల లేము. విద్యార్థులారా, తలిదండ్రులారా! దినమునకు పది నిమిషములు ఫోనును వేఱొక గదిలో నుంచి నిశ్శబ్దముగా కూర్చుండుడు. ఎవరి మతమున కనుగుణముగా వారు శ్వాసను గమనింపవచ్చును, ప్రార్థింపవచ్చును. పిదప లేచి, ఇంటిలో నెవరికి మన సాయము కావలెనో చూడుడు. ఆ మౌనము ఫలించినదో లేదో అచ్చటనే తెలియును.