రేఖ అమ్మ... మన పెంటపాడు అమ్మాయి!

హిందీ తెరను ఏలిన రేఖ తెలియనివారుండరు. ఆమె తల్లి పుష్పవల్లిది తాడేపల్లిగూడెం పక్కనున్న పెంటపాడని ఎందరికి తెలుసు? 1926లో పుట్టిన పుష్పవల్లి పదేళ్ల వయసులోనే వేషం కట్టారు. రాజమండ్రిలోని దుర్గా సినీటోన్‌ 1936లో తీసిన 'సంపూర్ణ రామాయణం'లో చిన్ననాటి సీత ఆమే. ఆ తర్వాత మద్రాసు వెళ్లి, జెమినీ వారి 'బాలనాగమ్మ' (1942)లో నటించారు. ఆర్కే నారాయణ్‌ కథతో 1947లో వచ్చిన తమిళ చిత్రం 'మిస్‌ మాలిని'లో మాలిని పాత్ర ఆమెదే. అందులో ఓ చిన్న వేషం వేసిన యువకుడు జెమినీ గణేశన్‌! తర్వాత ఆయన పెద్ద హీరో అయ్యారు. వారిద్దరి బిడ్డే రేఖ. పుష్పవల్లి 1991లో కన్నుమూశారు. ఇప్పుడామెను 'రేఖ వాళ్లమ్మ' అంటేనే గుర్తుపడతారు. కానీ కూతురికన్నా, గణేశన్‌కన్నా ముందే తెరమీద పేరు తెచ్చుకున్న తార ఆమె.