మాక్యులోపాపులర్: ఇది జబ్బు పేరు కాదు

జ్వరంతో ఉన్న పిల్లవాణ్ణి డాక్టరుకు చూపిస్తే చీటీ మీద 'మాక్యులోపాపులర్ రాష్' అని రాస్తారు. ఇంటికి వచ్చాక చదువుకున్నవాళ్ళు ఆ మాటను కూడబలుక్కుని చదివి, ఇదేదో కొత్త జబ్బు కాబోలని కంగారుపడతారు. మందుల పెట్టెలో మడిచి ఉంచే కాగితం మీద, దుష్ఫలితాల జాబితాలోనూ ఇదే మాట కనిపిస్తుంది. ఒకే మాట జ్వరం చీటీలోనూ మందు కాగితంలోనూ ఎలా వచ్చింది?

కారణం చాలా సులభం. మాక్యులోపాపులర్ అనేది ఏ జబ్బు పేరూ కాదు. చర్మం మీద కంటికి కనిపించిన, వేలికి తగిలిన ఒక రూపానికి పెట్టిన పేరు. 'ఆకాశంలో నల్లమబ్బు ఉంది' అనడం ఎలాంటిదో ఇదీ అలాంటిదే. వాన వస్తుందా, రాదా అన్నది తర్వాత తేల్చుకోవలసిన విషయం.

రెండు మాటల కలయిక

లాటిన్ భాషలో 'మాక్యులా' అంటే మరక, మచ్చ. 'పాపులా' అంటే చిన్న పొక్కు, మొటిమ. ఈ రెండింటినీ కలిపితే మాక్యులోపాపులర్ అయింది.

వైద్యులు ఈ మాటలను కచ్చితమైన అర్థంలో వాడతారు. మాక్యూల్ అంటే చర్మం రంగు మాత్రమే మారిన చిన్న చోటు. కళ్ళు మూసుకుని దాని మీద వేలు పోనిస్తే ఎక్కడ మొదలై ఎక్కడ ముగిసిందో తెలియదు. పాపూల్ అంటే చర్మం పైకి లేచిన చిన్న బొడిపె. చీకట్లో కూడా వేలికి తగులుతుంది. దాని లోపల నీరు గానీ చీము గానీ ఉండదు, గట్టిగా ఉంటుంది. ఈ రెండూ సాధారణంగా 1 సెంటీమీటరు కంటే చిన్నవి. కొన్ని పుస్తకాలు అర సెంటీమీటరునే హద్దుగా తీసుకుంటాయి.

బొడిపెలో తేటనీరు చేరితే దాని పేరు మారిపోతుంది. అప్పుడది వెసికిల్, అంటే నీటిపొక్కు. నీటిపొక్కు పెద్దదైతే బొబ్బ. చీము ఉంటే పస్ట్యూల్, అంటే చీముపొక్కు. కాబట్టి మాక్యులోపాపులర్ అని రాసిన వైద్యుడు రెండు సంగతులు చెబుతున్నాడు. ఒకటి: ఒంటిమీద చదునైన మచ్చలు, లేచిన బొడిపెలు కలిసి ఉన్నాయి. రెండు: నీటిపొక్కులు లేవు, చీముపొక్కులు లేవు. ఈ రెండో సంగతిని మాటల్లో చెప్పకపోయినా, జబ్బును గుర్తించడంలో చాలాసార్లు అదే ఎక్కువగా ఉపయోగపడుతుంది.

చర్మం లోపల ఏం జరుగుతుంది?

మన చర్మంలో పైపొర కింద సన్నని రక్తనాళాల వల ఉంటుంది. వైరస్ వల్లనో, మందు వల్లనో శరీర రక్షణ వ్యవస్థ మేల్కొన్నప్పుడు ఆ నాళాలు వెడల్పవుతాయి. వాటిలోకి ఎక్కువ రక్తం చేరుతుంది. పైకి మనకు ఎర్రదనం మాత్రమే కనిపిస్తుంది. అదే మాక్యూల్. ఆ నాళాల నుంచి తెల్ల రక్తకణాలు, కొద్దిపాటి ద్రవం బయటికి వచ్చి చుట్టూ ఉన్న కణజాలంలో చేరితే ఆ చోటు ఉబ్బి పైకి లేస్తుంది. అది పాపూల్. ఒకే ప్రక్రియ ఒకచోట తక్కువగా, మరొకచోట ఎక్కువగా జరుగుతుంది కాబట్టే మచ్చలూ బొడిపెలూ కలిసి కనిపిస్తాయి.

తట్టు వ్యాధిలో దీనికి మంచి నిదర్శనం ఉంది. తట్టును కలిగించే వైరస్ సోకిన కణాల మీద మన టి-కణాలు దాడి చేస్తాయి. దద్దుర్లు ఆ దాడికి గుర్తులు. ఆ రకం రక్షణశక్తి బాగా దెబ్బతిన్న పిల్లల్లో తట్టు వచ్చినా దద్దుర్లు రాకపోవచ్చు. చర్మం శుభ్రంగా కనిపిస్తూనే జబ్బు ఊపిరితిత్తులను తీవ్రంగా దెబ్బతీయవచ్చు.

పేర్లకు పద్ధతి ఏర్పడిన కథ

ఒంటిమీద లేచే పొక్కుల్లో తేడాలు చూడడం కొత్తేమీ కాదు. సుమారు వెయ్యేళ్ళ కిందటే పర్షియాకు చెందిన వైద్యుడు అల్-రాజీ మశూచికానికీ తట్టుకూ తేడాలు చెబుతూ ఒక గ్రంథం రాశాడు. అయితే ఒకే పొక్కును ఒక్కొక్క వైద్యుడు ఒక్కొక్క పేరుతో పిలుస్తుంటే ఒకరు రాసింది మరొకరికి అర్థమయ్యేది కాదు.

1776లో వియన్నాకు చెందిన జోసెఫ్ ప్లెంక్ చర్మవ్యాధులను వాటి పైరూపాన్ని బట్టి వర్గాలుగా విడదీశాడు. తర్వాత లండన్‌లో రాబర్ట్ విల్లన్ ఆ పనిని మరింత పకడ్బందీగా చేశాడు. ఆయన గ్రంథం 1798 నుంచి భాగాలుగా వెలువడింది. బొడిపెలు, పొలుసులు, దద్దుర్లు, బొబ్బలు, చీముపొక్కులు, నీటిపొక్కులు, గడ్డలు, మచ్చలు అని ఎనిమిది తరగతులు చేశాడు. అప్పటికి వైరస్ అంటే ఏమిటో ఎవరికీ తెలియదు. కారణం తెలియనప్పుడు కనిపించినదాన్ని కచ్చితంగా రాయడమే శాస్త్రానికి మొదటి మెట్టు. ఈనాడు వైద్య విద్యార్థులు నేర్చుకునే చర్మ పదజాలానికి పునాది అక్కడే పడింది.

మన మాటలూ తక్కువవి కావు

తెలుగులో చర్మానికి సంబంధించిన మాటలు ఎన్నో ఉన్నాయి. మచ్చ, పొక్కు, బొబ్బ, మొటిమ, పులిపిరి, చెమటకాయ, సెగగడ్డ, తామర, గజ్జి ఒకదానికొకటి వేరని ఇంట్లో పెద్దవాళ్ళకు బాగా తెలుసు. చిక్కల్లా 'దద్దుర్లు' అనే మాటతోనే వస్తుంది. జ్వరంతో లేచే మచ్చలనూ దద్దుర్లు అంటాం. ఏదో పడక ఒళ్ళంతా దురదతో ఉబ్బి లేచేవాటినీ దద్దుర్లే అంటాం. రెండోవాటిని వైద్యులు అర్టికేరియా అంటారు. ఈ రెంటినీ విడదీయడానికి ఒక చిన్న ఉపాయం ఉంది. ఒక దద్దురు చుట్టూ పెన్నుతో గీత గీయండి. అర్టికేరియా అయితే సాధారణంగా 24 గంటల్లోగా ఆ గీతలోని దద్దురు మాయమై మరొకచోట లేస్తుంది. మాక్యులోపాపులర్ మచ్చ మాత్రం కొన్ని రోజులు అక్కడే ఉంటుంది.

ఒకే రూపం, ఎన్నో కారణాలు

మాక్యులోపాపులర్ రూపంలో కనిపించే జబ్బులు చాలా ఉన్నాయి. వాటిని ఒకదాని నుంచి మరొకటి వేరు చేయడానికి దద్దుర్లు ఎక్కడ మొదలయ్యాయి, ఎటు పాకాయి, జ్వరం వచ్చిన ఎన్నో రోజున వచ్చాయి, వాటితోపాటు ఇంకేం ఉన్నాయి అన్న ప్రశ్నలు వేసుకోవాలి.

తట్టులో ముందు రెండు నుంచి నాలుగు రోజులు జ్వరం, దగ్గు, ముక్కు కారడం, కళ్ళు ఎర్రబడడం ఉంటాయి. దద్దుర్లు చెవుల వెనుక, నుదుటి మీద జుట్టు అంచున మొదలై ముఖం, మెడ, ఛాతీ, చేతులు, కాళ్ళు అనే వరుసలో కిందికి దిగుతాయి. తగ్గేటప్పుడూ అదే వరుస. తగ్గాక గోధుమరంగు మచ్చలు మిగిలి, చర్మం తవుడులా పొట్టు రాలుతుంది. దద్దుర్లకు ఒకటి రెండు రోజుల ముందే బుగ్గ లోపలి వైపు, ఎర్రటి చర్మం మీద ఉప్పురవ్వల్లాంటి తెల్లని చుక్కలు కనిపించవచ్చు. 1896లో హెన్రీ కోప్లిక్ అనే అమెరికా వైద్యుడు వీటి ప్రాముఖ్యాన్ని వివరించాడు.

రుబెల్లాలో దద్దుర్లు లేతగా ఉండి, త్వరగా పాకి, సుమారు మూడు రోజుల్లో పోతాయి. చెవుల వెనుక, మెడ వెనుక బిళ్ళలు కడతాయి. పిల్లలకు ఇది తేలికే. గర్భిణికి తొలి నెలల్లో సోకితే మాత్రం కడుపులోని బిడ్డ కళ్ళు, చెవులు, గుండె దెబ్బతినవచ్చు. డెంగీలో జ్వరం తగ్గే సమయంలో ఒళ్ళంతా ఎర్రబడి, మధ్య మధ్య తెల్లని ద్వీపాల్లా మామూలు చర్మం మిగిలి ఉండడం కనిపిస్తుంది.

మందులు పడకపోవడం మరో ముఖ్యమైన కారణం. పెన్సిలిన్ జాతి మందులు, సల్ఫా మందులు, మూర్ఛకు వాడే కొన్ని మందులు ఇందుకు పేరుపొందాయి. మొదటిసారి వాడినప్పుడు సాధారణంగా 4 నుంచి 14 రోజుల మధ్య దద్దుర్లు వస్తాయి. ఎక్కువగా ఛాతీ, వీపు మీద మొదలై రెండు పక్కలా సమానంగా పాకుతాయి.

పొరపడితే ఏమవుతుంది?

ఒక పాపకు జ్వరం, దగ్గు వచ్చాయనుకుందాం. రెండో రోజున ఎవరో ఒక యాంటీబయాటిక్ ఇచ్చారు. నాలుగో రోజున ముఖం మీద దద్దుర్లు వచ్చాయి. 'మందు పడలేదు' అని అందరూ తేల్చేస్తారు. మందు మానేస్తారు, రెండు రోజుల తర్వాత పాపను బడికి పంపుతారు. నిజానికి పాపకు వచ్చింది తట్టు అయితే? దద్దుర్లు రావడానికి నాలుగు రోజుల ముందు నుంచి, వచ్చిన తర్వాత నాలుగు రోజుల దాకా ఆ జబ్బు ఇతరులకు సోకుతుంది. రోగి వెళ్ళిపోయాక కూడా గదిలోని గాలిలో రెండు గంటల వరకు వైరస్ ఉండగలదు. టీకా వేయించుకోని తోటి పిల్లలందరికీ ప్రమాదమే. పైగా ఆ పాప ఆసుపత్రి కాగితాల మీద 'పెన్సిలిన్ పడదు' అనే ముద్ర ఏళ్ళ తరబడి ఉండిపోతుంది. రేపు నిజంగా ఆ మందు అవసరమైనప్పుడు దొరకదు.

దద్దుర్లు ఎక్కడ మొదలయ్యాయి, కళ్ళు ఎర్రబడ్డాయా, ఆ పాపకు టీకాలు వేయించారా అనే మూడు ప్రశ్నలు అడిగి ఉంటే కథ మరోలా ఉండేది.

అందుకే ప్రజారోగ్య విధానంలో ఈ మాటకు ప్రత్యేక స్థానం ఉంది. ప్రపంచ ఆరోగ్య సంస్థ నిర్వచనం ప్రకారం జ్వరంతోపాటు నీటిపొక్కులు లేని మాక్యులోపాపులర్ దద్దుర్లు ఉంటే చాలు, దాన్ని తట్టుగా అనుమానించాలి. అలాంటి రోగి వివరాలు పైఅధికారులకు తెలియజేసి, రక్తాన్ని పరీక్షకు పంపుతారు. ఆ పరీక్షలో వైరస్‌కు ఎదురుగా కొత్తగా పుట్టిన యాంటీబాడీలను వెతుకుతారు. అంటే ఆరోగ్య కేంద్రంలో ఒకరు దద్దుర్లను సరిగా చూసి సరైన మాట రాస్తే, ఊళ్ళో జబ్బు వ్యాపించక ముందే టీకాల పని మొదలవుతుంది.

నీటిపొక్కు ఎందుకంత ముఖ్యం? ఆటలమ్మలో కూడా మొదట మచ్చలు, ఆ తర్వాత బొడిపెలే వస్తాయి. కొద్ది గంటల్లోనే వాటిలో నీరు చేరుతుంది. పొద్దున చూసినవారు మాక్యులోపాపులర్ అని రాస్తే, సాయంత్రం చూసినవారు నీటిపొక్కులని రాయవచ్చు. ఇద్దరూ చూసింది నిజమే. అందుకే ఈ వర్ణన పక్కన తేదీ, వేళ ఉండాలి. మశూచికం మన దేశంలో చివరిగా 1975లో కనిపించింది. 1980లో అది ప్రపంచం నుంచే పోయిందని ప్రకటించారు. ఆ పోరాటంలోనూ పొక్కులు చూసే నేర్పు ఎంతో ఉపయోగపడింది. మశూచికంలో ఒకచోట ఉన్న పొక్కులన్నీ ఒకే దశలో ఉండేవి. ఆటలమ్మలో మచ్చ, బొడిపె, నీటిపొక్కు, పక్కు పక్కపక్కనే కనిపిస్తాయి.

మన రంగు చర్మం మీద

పాఠ్యపుస్తకాల్లోని బొమ్మలు చాలావరకు తెల్లని చర్మం మీద తీసినవి. 'ఎర్రటి మచ్చలు' అన్న మాట అక్కడ సరిపోతుంది. చామనఛాయ, నలుపు చర్మం మీద అదే మచ్చ ఊదారంగుగానో, చుట్టుపక్కల కంటే కాస్త ముదురుగానో కనిపిస్తుంది. ఒక్కోసారి అసలు కనిపించదు. అప్పుడు పగటి వెలుగు పక్కనుంచి పడేలా కూర్చోబెట్టి చూడాలి; వేళ్ళతో తడిమి బొడిపెలు ఉన్నాయేమో తెలుసుకోవాలి. అరచేతులు, నోటి లోపలి భాగం, కళ్ళు కూడా చూడాలి.

ఇంట్లోనే చేయగల పరీక్ష మరొకటి ఉంది. పారదర్శకమైన గాజు గ్లాసును మచ్చ మీద అదిమి చూడాలి. నాళాలు వెడల్పవడం వల్ల వచ్చిన రంగయితే రక్తం పక్కకు జరిగి మచ్చ వెలవెలపోతుంది. రక్తం నాళాల బయటికి కారి ఉంటే ఎంత అదిమినా రంగు పోదు. జ్వరంతో ఉన్నవారిలో అలా రంగు పోని మచ్చలుంటే ఆలస్యం చేయకుండా ఆసుపత్రికి వెళ్ళాలి. కొన్ని రకాల మెదడు పొరల వాపులోనూ డెంగీలోనూ ఇవి ప్రమాద సూచనలు కావచ్చు. మొదట గాజు కింద వెలిసిపోయిన మచ్చ కొన్ని గంటల తర్వాత వెలియకపోవచ్చు. కాబట్టి ఒకసారి చూసి ఊరుకోకూడదు.

మందు వాడుతున్నవారిలో దద్దుర్లతోపాటు నోట్లో, కళ్ళలో పుళ్ళు, చర్మం మంటగా నొప్పి పుట్టడం, బొబ్బలు లేవడం కనిపిస్తే అదీ అత్యవసరమే. మందు పేరు రాసుకుని వెంటనే వైద్యుని వద్దకు వెళ్ళాలి.

తట్టు సోకిన పిల్లలకు 'అమ్మవారు' అని వేపాకులు ఉంచి, విడిగా పడుకోబెట్టడం మన ఊళ్ళలో ఉంది. విడిగా ఉంచడం మంచిదే. కానీ 'మందు ముట్టకూడదు' అని ఆగిపోతే న్యుమోనియా, విరేచనాలు, కంటిచూపు పోవడం వంటివి వచ్చిపడవచ్చు. తట్టు సోకిన పిల్లలకు వైద్యులు వరుసగా రెండు రోజులు విటమిన్-ఎ ఇవ్వడం చూపును, ప్రాణాన్ని కాపాడడానికే. తిండి, నీళ్ళు మానిపించకూడదు. అన్నిటికంటే ముందు, 9 నుంచి 12 నెలల మధ్య ఒకటి, 16 నుంచి 24 నెలల మధ్య మరొకటి చొప్పున తట్టు-రుబెల్లా టీకాను ప్రభుత్వ కేంద్రాల్లో ఉచితంగా వేస్తారు.

ఇక ముందు మీ ఇంట్లో ఎవరి చీటీ మీదనైనా ఈ పొడుగాటి మాట కనిపిస్తే కంగారుపడకండి. అలాగని తేలిగ్గా వదిలేయకండి. 'మచ్చలూ బొడిపెలూ ఉన్నాయి, నీటిపొక్కులు లేవు' అని దాన్ని తెలుగులో చదువుకోండి. ఆ తర్వాత డాక్టరును అడగవలసిన ప్రశ్న ఒకటే: 'ఇవి దేనివల్ల వచ్చాయి?' దానికి జవాబు దొరకాలంటే దద్దుర్లు ఏ రోజున, ఒంటిమీద ఏ చోట మొదలయ్యాయో మీరు చెప్పగలగాలి. ఆ రెండూ డాక్టరు కంటే ముందు చూసేది ఇంట్లోవాళ్ళే.