బోలు ముల్లు చేప

ఫిబ్రవరి వచ్చిందంటే మా బడిలో క్విజ్ సందడి మొదలవుతుంది. 28న జాతీయ సైన్సు దినోత్సవం కదా, చుట్టుపక్కల బడులు కలిసి పోటీ పెట్టుకుంటాయి. హోసూరు వైపు ఒక తెలుగు బడిలో పనిచేస్తున్న మేమిద్దరం, ఒకరం సైన్సు, ఒకరం తెలుగు చెప్పేవాళ్ళం, కూర్చుని ప్రశ్నలూ జవాబులూ రాసిస్తాం. పిల్లలు బట్టీ పడతారు. 'సజీవ శిలాజం అని ఏ చేపను అంటారు?' అన్న ప్రశ్న ఆ కాగితాల్లో ఏటా ఉంటుంది. జవాబు సీలకాంత్.

ఈసారి ఎనిమిదో తరగతి అమ్మాయి ఒకతి లేచి, "టీచర్, సీలకాంత్ అంటే శ్రీకాంత్, రజనీకాంత్ లాంటి పేరా?" అని అడిగింది. క్లాసంతా గొల్లుమంది. మేమూ నవ్వాం. నవ్వేసి, "అది సైన్సు పేరమ్మా, అర్థం అంటూ ఏమీ ఉండదు, గుర్తుపెట్టుకో చాలు" అన్నాం.

ఆ పిల్ల మళ్ళీ నోరెత్తలేదు. మాకు మాత్రం సాయంత్రం దాకా ఆ జవాబు గొంతులో ముల్లులా ఉండిపోయింది. ఎందుకంటే మేం చెప్పింది అబద్ధం. ఆ పేరుకు అర్థం ఉంది. పైగా ఆ అర్థం మన పిల్లలకు ఇంగ్లీషు మీడియం పిల్లల కంటే సులువుగా అందుతుంది. ఇన్నేళ్ళు మేమే అడ్డం నిలబడ్డాం.

గ్రీకులో ముల్లు, తెలుగులో ముల్లు

సీలకాంత్ అన్నది రెండు గ్రీకు మాటల అతుకు. 'కోయిలోస్' అంటే బోలు, డొల్ల. 'అకాంథ' అంటే ముల్లు. రెండూ కలిస్తే బోలు ముల్లు. అంతే పేరు.

మర్నాడు ఈ రెండు మాటలూ బోర్డు మీద రాశాం. నిన్న నవ్వులపాలైన ఆ పిల్లే అడిగింది: "ముల్లంటే కాలికి గుచ్చుకునే ముల్లా టీచర్, చేప ముల్లా?"

కిటుకంతా అక్కడే ఉంది. ప్రాచీన గ్రీకులు ముళ్ళచెట్టు మీది ముల్లుకూ, చేప వెన్నెముకకూ ఒకే మాట వాడారు. మనమూ అంతే కదా. తుమ్మచెట్టుకూ ముల్లే, చేపకూ ముల్లే. "ముళ్ళు చూసుకుని తినరా" అని అమ్మ అన్నప్పుడు ఏ పిల్లవాడూ తుమ్మచెట్టు అనుకోడు. ఇంగ్లీషులో ఈ వెసులుబాటు లేదు. చెట్టు ముల్లు థార్న్, చేప ముల్లు ఫిష్ బోన్. రెండింటినీ కలిపే 'స్పైన్' అనే మాట లాటిన్ నుంచి వచ్చింది, లాటిన్‌లో దానికీ మొదటి అర్థం ముల్లే.

ఈ పేజీ చదివే బడులన్నింటిలోనూ ఇది పనికొచ్చే సంగతి. ఎందుకంటే మన చుట్టుపక్కల భాషలన్నీ ఇదే పని చేస్తున్నాయి. తమిళంలో ముళ్, కన్నడంలో ముళ్ళు, మరాఠీలో కాటా, ఒడియాలో కంటా. అన్నిటా చెట్టుదీ చేపదీ ఒకే మాట. మా క్లాసులో ఇంట్లో తమిళం వినేవాళ్ళూ, కన్నడం వినేవాళ్ళూ ఉన్నారు. ఎవరికి వారు తమ మాట చెప్పి, అదీ ఇదీ ఒకటే అని తేల్చుకునేసరికి పది నిమిషాలు పట్టింది. పాఠం నడవలేదు. నడవకపోయినా నష్టం లేదు.

ఒక జాగ్రత్త మాత్రం చెప్పాలి. కోయిలోస్ వినగానే వెనక బెంచీ నుంచి "కోయిల, కోయిల" అన్నారు. అకాంథ వినగానే తెలుగు చెప్పే మాలో ఒకరికి సంస్కృత కంటకం గుర్తొచ్చింది. వినడానికి దగ్గరగా ఉన్నాయని చుట్టరికం కలిపేయకూడదు. అర్థం దగ్గర కలిసినంత మాత్రాన మాటలు అక్కాచెల్లెళ్ళు కావు. పిల్లలకు ఈ సంగతి అప్పుడే చెప్పేస్తే మంచిది, లేకపోతే ప్రపంచ భాషలన్నీ మన ఊళ్ళోనే పుట్టాయని వాళ్ళే తేల్చేస్తారు.

పలకడం గురించి కూడా. ఇంగ్లీషులో దీన్ని సి, ఓ, ఇ, ఎల్ అని మొదలుపెట్టి రాస్తారు. మా పిల్లలు కోయెలకాంత్ అని చదివి తిట్లు తిన్నారు. నిజానికి గ్రీకు పలుకుబడికి వాళ్ళే దగ్గరగా ఉన్నారు. గ్రీకు కోయిలోస్ లాటిన్ అక్షరాల్లోకి మారి, ఇంగ్లీషు వాళ్ళ నోట్లో సీల అయింది. క్విజ్‌లో సీలకాంత్ అనే చెప్పమన్నాం. కానీ తిట్టింది మాత్రం వెనక్కి తీసుకున్నాం.

రాయిలో దొరికిన తోక

పేరు పెట్టినవాడు లూయీ అగస్సీ, స్విట్జర్లాండ్ దేశస్థుడు. చేపల శిలాజాల మీద 1833 నుంచి 1843 దాకా ఫ్రెంచిలో పెద్ద గ్రంథం వెలువరించాడు. ఇంగ్లండ్ ఉత్తర ప్రాంతపు రాళ్ళలో దొరికిన ఒక చేప ఆయన కంటబడింది. అది 25 కోట్ల ఏళ్ళకు పైబడ్డ రాయి. ఆ చేప తోక రెక్కను నిలబెట్టే ముళ్ళు గొట్టాల్లా లోపల బోలుగా ఉన్నాయి. ఆయన 1839లో దానికి కోయెలకాంథస్ గ్రాన్యులేటస్ అని పేరు పెట్టాడు. రెండో మాట లాటిన్‌ది, గింజలు చల్లినట్టున్నది అని అర్థం.

"ముల్లు బోలుగా ఎలా ఉంటుంది?" అన్నది తర్వాతి ప్రశ్న. కృష్ణగిరి డ్యాము దగ్గర వేయించిన చేప తినని పిల్లలు మా దగ్గర తక్కువ. వాళ్ళు చూసిన ముల్లు గట్టిగా, సన్నగా, సూదిలా ఉంటుంది. దీనికి మేం తడుముకుంటుంటే ఒక కుర్రాడు "బొప్పాయి కాడలా" అన్నాడు. సరిగ్గా అంతే. బొప్పాయి ఆకు కాడ తుంచి ఊదుకునే పిల్లలకు ఇంకేం చెప్పక్కర్లేదు.

అయితే ఆ చేప బతికున్నప్పుడు ఆ గొట్టం ఖాళీగా లేదు. పైన పలచని ఎముక పొర, లోపల మెత్తటి మృదులాస్థి. మన చెవి డొప్పలో ఉండేలాంటిదే. చేప చచ్చి బురదలో కూరుకుపోయాక మెత్తటిది కుళ్ళిపోయింది, ఎముక పొర మిగిలి రాయిగా మారింది. అగస్సీకి కనిపించింది ఆ మిగిలిన గొట్టం. అంటే ఈ పేరు చేపను చూసి పెట్టింది కాదు, రాయిని చూసి పెట్టింది. ఉన్న ఆధారాన్ని బట్టి పేరు పెట్టడం తప్పు కాదు. కానీ పేరులో ఏముందో, చేపలో ఏముందో వేరువేరుగా అడగాలని పిల్లలకు ఇక్కడే చెప్పొచ్చు.

మాటవరసకి ఇంకో ఉదాహరణ. మన కనకాంబరం మొక్క అకాంథేసీ అనే కుటుంబంలోది. అదే అకాంథ. కనకాంబరానికి ముళ్ళెక్కడివి? ఆ కుటుంబానికి పేరిచ్చిన అకాంథస్ మొక్క వేరే ఉంది. ఇంటిపేరు తాతది, మొక్క మనవరాలు.

చచ్చిందనుకున్నది ఏది, బతికున్నది ఏది

మా క్విజ్ కాగితంలో ఇంకో పొరపాటు ఇప్పుడు కనిపించింది. 'కోట్ల ఏళ్ళ కిందట అంతరించిన చేప 1938లో ప్రాణాలతో దొరికింది' అని రాసి ఇచ్చేవాళ్ళం. అగస్సీ పేరు పెట్టిన కోయెలకాంథస్ మళ్ళీ దొరకలేదు. అది పోయిందంటే పోయినట్టే. దొరికింది దాని వంశంలోని మరో చేప.

ఈ వంశం చేపల శిలాజాలు 40 కోట్ల ఏళ్ళ పాతవి కూడా ఉన్నాయి. 6.6 కోట్ల ఏళ్ళ ఇవతలి రాళ్ళలో మాత్రం ఆనవాలు లేదు. డైనోసార్లతో పాటే ఇవీ పోయాయనుకున్నారు. 1938 డిసెంబరు 22న దక్షిణాఫ్రికాలో, ఈస్ట్ లండన్ అనే రేవు పట్నంలో, చేపల పడవ తెచ్చిన రాశిలో ఒక వింత చేప కనిపించింది. ఐదడుగుల పొడవు, 57 కిలోల బరువు. చూసింది అక్కడి చిన్న మ్యూజియం బాధ్యురాలు మార్జొరీ కోర్టెనే-లాటిమర్. శవాగారం వాళ్ళూ, శీతల గిడ్డంగి వాళ్ళూ చేపను పెట్టుకోం పొమ్మన్నారు. డిసెంబరు అక్కడ ఎండాకాలం. చివరికి చర్మం మాత్రం నిలిచింది. ఆమె బొమ్మ గీసి, రసాయనశాస్త్రం చెబుతూ చేపల మీద పిచ్చి పెంచుకున్న జె.ఎల్.బి. స్మిత్‌కు ఉత్తరం రాశారు. ఆయన వచ్చి చేపను చూసింది 1939 ఫిబ్రవరి 16న. లాటిమేరియా చలుమ్నే అని పేరు పెట్టాడు. మొదటి మాట ఆమె ఇంటిపేరు, రెండోది చేప దొరికిన చోటికి దగ్గరి చలుమ్నా నది. ఇందులో ముల్లూ లేదు, బోలూ లేదు. వంశానికి మాత్రం సీలకాంత్ అన్న పాత పేరే నిలిచింది.

రెండో చేప కోసం పద్నాలుగేళ్ళు పట్టింది. 1952లో కొమొరో దీవుల్లో దొరికింది. ముందరి వీపు రెక్క లేకపోయేసరికి స్మిత్ ఇది వేరే జాతి అనుకుని మలానియా అన్నాడు. చేపను తెచ్చుకోవడానికి విమానం ఇచ్చిన ప్రధాని మలాన్ పేరు అది. తర్వాత రెండూ ఒకటేనని తేలింది, మలానియా చెల్లకుండా పోయింది. ప్రధాని పేరు పోయి, మ్యూజియం ఉద్యోగిని పేరు మిగిలింది. ఈ ముక్క చెప్పినప్పుడు ఆడపిల్లల బెంచీల్లో చప్పట్లు పడ్డాయి.

కొమొరో జాలరులకు ఈ చేప కొత్తేమీ కాదు. వాళ్ళ భాషలో గొంబెస్సా. తినడానికి బాగోదని పెద్దగా పట్టించుకునేవారు కాదు. 1997లో ఇండొనేషియాలోని మనాడో పట్నం చేపల బజారులో ఇంకో రకం కనిపించింది. దానికి 1999లో లాటిమేరియా మెనాడోఎన్సిస్ అని పేరు వచ్చింది. అక్కడి జాలరులు అప్పటికే రాజా లావుత్ అంటున్నారు, సముద్రపు రాజు అని. రాజా అన్న మాట పిల్లలు మేం చెప్పకుండానే పట్టేశారు.

ప్రాణహిత ఒడ్డున

ఇక్కడితో ఆపేద్దామనుకున్నాం. కానీ ఈ వంశం చేప మన నేల మీదా దొరికింది. మహారాష్ట్ర గడ్చిరోలి జిల్లాలో సిరోంచా దగ్గర, ప్రాణహిత ఎడమ ఒడ్డున కోటా అనే ఊరుంది. నది అవతలి ఒడ్డు తెలంగాణ. ఆ ఊరి పేరుతోనే కోటా శిలలు అంటారు, జురాసిక్ కాలం నాటివి. అక్కడి సున్నపురాళ్ళలో చేపలు ఉన్నాయని 19వ శతాబ్దంలోనే తెలుసు. ఒకదానికి 1851లోనే లెపిడోటస్ దక్కనెన్సిస్ అని పేరు పెట్టారు. పొలుసులున్నది, దక్కనుది అని అర్థం.

కలకత్తాలోని భారత గణాంక సంస్థకు చెందిన ఎస్.ఎల్. జైన్ 1974లో ఈ శిలల నుంచే ఒక సీలకాంత్‌ను వర్ణించారు. భారతదేశంలో మొదటి సీలకాంత్ శిలాజం అదే. పేరు ఇండోసీలకాంథస్ రోబస్టస్. ఈసారి మేం అర్థం చెప్పలేదు. పిల్లలనే విడదీయమన్నాం. ఇండో అంటే మన దేశం. సీల, కాంథస్ వచ్చేశాయి. రోబస్టస్ ఒక్కటే లాటిన్ అని, బలిష్ఠమైనది అని మేం అందించాం. "మన దేశపు బోలు ముల్లు చేప, గట్టిది" అని రాశారు. ఒకడు "మొండి ముల్లు" అన్నాడు, సరే అన్నాం.

అదే శిలల్లో దొరికిన రాక్షసబల్లి కోటాసారస్ యామనపల్లిఎన్సిస్. 1988లో పి. యాదగిరి పెట్టిన పేరు. యామనపల్లి పాత ఆదిలాబాదు జిల్లా ఊరు. అస్థిపంజరం హైదరాబాదులో బిర్లా సైన్సు మ్యూజియంలో నిలబడి ఉంది. చివర పల్లి ఉన్న సైన్సు పేరు చూసి పిల్లలు నమ్మలేదు, బోర్డు మీద మళ్ళీ రాయించుకున్నారు.

ఇప్పుడు మా క్లాసులో ఒక నోటుబుక్కు తిరుగుతోంది. పాఠంలో పొడుగు పేరు వస్తే ముక్కలు చేసి రాయాలి, పక్కన ఇంట్లో వాడే తెలుగు మాట రాయాలి. సీలెంటరేటా దగ్గర ఒక పిల్ల 'బోలు పేగు' అని రాసింది. కోయిలోస్ తనకు ముందే తెలుసు, పేగు ఒక్కటే మమ్మల్ని అడిగింది. తల్లిదండ్రులను మేం కోరేది ఒకటే. చేపలు బాగుచేసేటప్పుడు పిల్లలు తోకా ముళ్ళూ అడిగితే విసుక్కోకుండా ఇవ్వండి. వాసనొస్తుందని బడిలో మేం కూడా అనం.

క్విజ్‌లో మా బడికి రెండో స్థానం వచ్చింది. సీలకాంత్ ప్రశ్న రానే లేదు. తిరిగి వచ్చేటప్పుడు బస్సులో ఆ అమ్మాయి మా పక్కన కూర్చుని ఫోనులో మ్యాపు తెరిపించి సిరోంచా ఎక్కడో చూపించమంది. చూపించాం. ప్రాణహిత వెంట వేలు జరుపుతూ, "మహారాష్ట్ర అన్నారు కదా, అక్కడ కూడా తెలుగు మాట్లాడతారా టీచర్?" అంది.

మాట్లాడతారన్నాం.