డీఎల్ఎల్ మిస్సింగ్ అని వచ్చిందా? ఆ ఒక్క ఫైల్ కోసం వెతక్కండి!

పోయిన నెల ఇంట్లోవాళ్లతో తిరుమల వెళ్లా. రాత్రి 9 దాటాక మా బాబాయి కొడుకు లాప్‌టాప్ పట్టుకుని నా దగ్గరికొచ్చాడు. "అన్నా, పొద్దున 10కి ఆన్‌లైన్‌లో ప్రాజెక్ట్ డెమో ఉంది. సాఫ్ట్‌వేర్ ఓపెనే కావడంలేదు" అన్నాడు. ఫైనల్ ఇయర్ మార్కులు దాని మీదే!

మొదట 'వీసీరన్‌టైమ్140.డీఎల్ఎల్ దొరకలేదు' అని వచ్చిందట. మనవాడు గూగుల్‌లో వెతికి, ఏదో సైట్ నుంచి ఆ పేరున్న ఫైల్ దించి సిస్టమ్32 ఫోల్డర్‌లో పేస్ట్ చేశాడు. దాంతో ఎర్రర్ పోలేదు, మారింది. ఈసారి 0ఎక్స్‌సీ000007బీ!

అసలు డీఎల్ఎల్ అంటే?

డైనమిక్ లింక్ లైబ్రరీ. కొండ మీద వెంగమాంబ అన్నప్రసాద భవనంలో భోంచేశారు కదా? వచ్చిన ప్రతి భక్తుడూ స్టవ్, బియ్యం మోసుకురాడు. ఒకే వంటశాల అందరికీ వండి పెడుతుంది. డీఎల్ఎల్ కూడా అంతే. చాలా ప్రోగ్రాములకు కావాల్సిన కోడ్‌ను ఒక్కచోట పెడతారు, అందరూ వాడుకుంటారు. డిస్క్, మెమరీ ఆదా. బగ్ ఉంటే ఒక్కచోట సరిచేస్తే చాలు. ఇబ్బంది కూడా అక్కడే ఉంది: ఆ ఒక్క ఫైల్ పోతే దాని మీద ఆధారపడ్డ ప్రోగ్రాములన్నీ ఆగిపోతాయి.

మావాడి కేసులో ఏం జరిగింది?

ప్రోగ్రామ్ 64 బిట్, వాడు దించిన ఫైల్ 32 బిట్. రెండూ కలవవు, అందుకే ఆ కోడ్. ఇంకో తిరకాసు: పేరు చూసి సిస్టమ్32లో 32 బిట్ ఫైళ్లు ఉంటాయనుకుంటాం. కానీ 64 బిట్ విండోస్‌లో అక్కడుండేవి 64 బిట్‌వి. 32 బిట్‌వి సిస్‌వావ్64లో ఉంటాయి!

పైగా ఊరూపేరూ లేని సైట్ల ఫైళ్లలో వైరస్ ఉండొచ్చు. డీఎల్ఎల్ అంటే నడిచే కోడ్, ఫొటో కాదు.

ఇలా ఫిక్స్ చేశాం

1. పేస్ట్ చేసిన ఫైల్‌ను డిలీట్ చేసి, వైరస్ స్కాన్ చేశాం.
2. మైక్రోసాఫ్ట్ సైట్ నుంచి విజువల్ సీ++ రీడిస్ట్రిబ్యూటబుల్ కొత్త వెర్షన్ దించాం. దాదాపు 25 ఎంబీ, ఫోన్ హాట్‌స్పాట్‌తోనే అయిపోయింది. ఎక్స్64, ఎక్స్86 రెండూ వేసుకోండి. 64 బిట్ పీసీలో కూడా 32 బిట్ ప్రోగ్రాములు ఉంటాయి.
3. రీస్టార్ట్.

వేరే ఫైల్ పేరు వస్తే? డీ3డీఎక్స్9_43 లాంటిది పాత గేమ్‌లో అడిగితే, డైరెక్ట్‌ఎక్స్ జూన్ 2010 రన్‌టైమ్ కావాలి. విండోస్ సొంత ఫైలే పాడైతే కమాండ్ ప్రాంప్ట్‌ను అడ్మిన్‌గా తెరిచి ఎస్ఎఫ్‌సీ స్కాన్‌నౌ కమాండ్ నడపండి. ఒక్క ప్రోగ్రామ్‌లోనే సమస్య ఉంటే దాన్ని తీసేసి మళ్లీ ఇన్‌స్టాల్ చేయండి. యాంటీవైరస్ క్వారంటైన్ కూడా చూడండి, కొన్నిసార్లు ఫైల్‌ను అదే పక్కన పెట్టేస్తుంది.

ఫోన్‌లోనూ ఇదే కథ

ఆండ్రాయిడ్‌లో వీటిని .ఎస్ఓ ఫైళ్లంటారు. బయట నుంచి దించిన ఏపీకేలో మీ ప్రాసెసర్‌కు సరిపడే లైబ్రరీ లేకపోతే యాప్ ఇన్‌స్టాల్ కాదు, లేదా ఓపెన్ చేయగానే మూసుకుపోతుంది. పిక్సెల్ 7 లాంటి ఫోన్లు 64 బిట్ యాప్‌లనే తీసుకుంటాయి, కాబట్టి పాత 32 బిట్ యాప్‌లు అందులో పనిచేయవు. ప్లే స్టోర్ నుంచి వేసుకుంటే మీ ఫోన్‌కు సరిపడేదే వస్తుంది.

రాత్రి 11కల్లా మావాడి సాఫ్ట్‌వేర్ ఓపెన్ అయింది. పొద్దున కాటేజీ వరండాలో కూర్చుని డెమో ఇచ్చేశాడు. ఈసారి మీకు ఈ ఎర్రర్ వస్తే ఫైల్ పేరు ఫొటో తీసుకోండి. అది ఏ ప్యాకేజీలోదో కనుక్కుని, ఆ ప్యాకేజీ మొత్తం తయారుచేసిన కంపెనీ దగ్గర్నుంచే వేసుకోండి.