పరిహారం చాలలేదా.. హైకోర్టుకు 90 రోజులే గడువు
వైకల్య శాతం లెక్కలోనే నష్టపోతున్న క్షతగాత్రులు

అనంతపురం: వానలు మొహం చాటేసిన ఏడాది జిల్లాలో పనుల కోసం ఆటోల్లో కిక్కిరిసి పొరుగూళ్లకు వెళ్లే కూలీల సంఖ్య పెరుగుతుంది. 2024 నవంబరులో గార్లదిన్నె మండలం తలగాసిపల్లె వద్ద ఆర్టీసీ బస్సు, ఆటో ఢీకొని పుట్లూరు మండలం ఎల్లుట్లకు చెందిన పలువురు కూలీలు దుర్మరణం పాలయ్యారు. ఇటువంటి దుర్ఘటనల్లో మృతుల సంగతి పత్రికలకెక్కుతుంది. కాలో చెయ్యో పోగొట్టుకుని బతికి బయటపడినవారి వ్యథ మాత్రం కోర్టు వరండాల్లో ఏళ్ల తరబడి సాగుతుంది.

మోటారు వాహనాల చట్టం 166వ సెక్షన్ కింద ప్రమాద పరిహార ట్రిబ్యునల్ ఇచ్చే తీర్పే అంతిమమని గ్రామీణులు అనేకులు భావిస్తున్నారు. అది నిజం కాదు. 173వ సెక్షన్ ప్రకారం తీర్పు వెలువడిన నాటి నుంచి 90 రోజుల్లోగా హైకోర్టులో అప్పీలు చేసుకోవచ్చు. తీర్పు నకలు కోసం దరఖాస్తు చేసినప్పటి నుంచి అది సిద్ధమయ్యే వరకు పట్టిన కాలాన్ని గడువు నుంచి మినహాయిస్తారు. గడువు దాటినా తగిన కారణం చూపితే హైకోర్టు అనుమతించవచ్చు. అయితే ఆలస్యమైన కాలానికి వడ్డీ దక్కకపోయే అవకాశముంది. మరొక మెలిక ఉంది. 2022 ఏప్రిల్ 1 నుంచి అమలులోకి వచ్చిన సవరణ ప్రకారం వివాదంలో ఉన్న సొమ్ము లక్ష రూపాయల కంటే తక్కువైతే అప్పీలు చెల్లదు. ఇంతకుముందు ఈ పరిమితి పది వేలు మాత్రమే. ఇక్కడ చూడవలసింది మంజూరైన మొత్తాన్ని కాదు, అప్పీలులో అదనంగా కోరుతున్న మొత్తాన్ని.

అసలు నష్టం ఎక్కడ?

తీర్పులో మొదట చూడవలసింది వైకల్య శాతం. కాలికి 40 శాతం వైకల్యమని డాక్టరు రాస్తే, మొత్తం శరీరానికి అది అంతకంటే తక్కువగా లెక్కకు రావచ్చు. కానీ సంపాదన శక్తి ఎంత పోయిందన్నది వేరే ప్రశ్న. సుప్రీంకోర్టు 2010లో ఈ తేడాను విడమరచి చెప్పింది. ఎడమ చేయి తెగిపోతే వైకల్యం 60 శాతమే కావచ్చు, కానీ అతడు డ్రైవరో వడ్రంగో అయితే సంపాదన దాదాపు నూరు శాతం పోయినట్లే. అదే ప్రభుత్వ గుమాస్తా అయితే ఉద్యోగం నిలబడవచ్చు. వేరుశనగ చేలో వంగి పని చేసే మనిషికి మోకాలు ముడవలేకపోతే ఏమవుతుందో జిల్లా పాఠకులకు వివరించనక్కరలేదు.

ఉదాహరణకు నెలకు పది వేలు సంపాదించే 35 ఏళ్ల కూలీని తీసుకుందాం. సుప్రీంకోర్టు 2009లో ఖరారు చేసిన పట్టిక ప్రకారం ఆ వయసుకు గుణకం 16. ట్రిబ్యునల్ సంపాదన నష్టాన్ని 20 శాతంగానే లెక్కిస్తే వచ్చేది రూ.3,84,000. స్వయం ఉపాధి పొందేవారికి 40 ఏళ్లలోపు భవిష్యత్ ఆదాయం కింద 40 శాతం కలపాలని 2017లో రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. శాశ్వత వైకల్యం పొందిన క్షతగాత్రులకూ ఇది వర్తిస్తుందని 2020లో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. ఈ 40 శాతం కలిపి, సంపాదన నష్టం 60 శాతమని రుజువైతే మొత్తం రూ.16,12,800 అవుతుంది. గాయం అదే, మనిషీ అతడే.

ఈ రుజువు మాత్రం ట్రిబ్యునల్‌లోనే నమోదు కావాలి. హైకోర్టు ప్రధానంగా కింది కోర్టు రికార్డునే పరిశీలిస్తుంది. అందువల్ల క్షతగాత్రుడు విచారణకు అమరావతి వెళ్లి సాక్ష్యం చెప్పవలసిన పని సాధారణంగా ఉండదు. అదే కారణంగా రికార్డులో లేని సాక్ష్యం అక్కడ కొత్తగా పుట్టదు. పింఛను కోసం సదరం శిబిరంలో పొందిన ధ్రువపత్రం ఒక్కటే దాఖలు చేసి ఊరుకోవడం తగదు. చికిత్స చేసిన డాక్టరును సాక్షిగా పిలిపించడం మేలు.

బీమా కంపెనీయే అప్పీలు చేస్తే?

పరిహారం చెల్లించవలసినవారు అప్పీలు చేయాలంటే 25 వేల రూపాయలు లేదా పరిహారంలో సగం, ఏది తక్కువైతే అది ముందుగా జమ చేయాలి. అంటే పెద్ద మొత్తాలకు పాతిక వేలే. అప్పుడు బాధితుడు నోటీసు అందుకుని ఊరకుంటే పెంపు కోరే అవకాశం జారిపోవచ్చు. నోటీసు అందిన నెలలోగా ఎదురు అభ్యంతరాలు దాఖలు చేయాలి.

లోక్ అదాలత్‌లో రాజీకి సంతకం చేసినవారికి ఈ దారి లేదు. అక్కడి అవార్డు అంతిమం, దానిపై అప్పీలు ఉండదు. త్వరగా సొమ్ము చేతికి రావడం అప్పుల్లో ఉన్న కుటుంబానికి ఊరటే. కానీ వైకల్యం తేలకముందే సంతకం చేయమని తొందరపెట్టేవారి మాట వినవలసిన అగత్యం లేదు.

ఖర్చుకు జంకేవారు జిల్లా న్యాయ సేవాధికార సంస్థను ఆశ్రయించవచ్చు. 1987 నాటి చట్టం ప్రకారం మహిళలు, ఎస్సీ, ఎస్టీలు, వికలాంగులకు ఉచిత న్యాయవాదిని నియమిస్తారు. హైకోర్టు స్థాయిలోనూ ఇందుకు ప్రత్యేక కమిటీ ఉంది. వెళ్లేటప్పుడు ట్రిబ్యునల్ తీర్పు నకలు, ఎఫ్‌ఐఆర్, గాయాల పత్రం, వైకల్య ధ్రువపత్రం, ఆసుపత్రి బిల్లులు వెంట తీసుకెళ్లాలి.