మరుగుపడిన పేరు: కామార్ణవుడు

ఈ యేడు ఇంటర్మీడియట్ మొదటి సంవత్సరపు హాజరుపట్టీ నా చేతికి వచ్చిన రోజున ఒక పేరు దగ్గర నా చూపు ఆగినది. 'ఆర్నవ్' అని వ్రాసి ఉన్నది. ఆ పిల్లవానిని లేపి, "నీ పేరుకు అర్థమేమి నాయనా?" అని అడిగినాను. "తెలియదు మాస్టారూ. మా నాన్న సెల్‌ఫోనులో చూసి పెట్టాడు" అన్నాడు. తరగతి గొల్లుమన్నది. నాకు నవ్వు రాలేదు. పరదేశపు కొత్త వస్తువువలె ఆ బాలుడు మోస్తున్న ఆ మాట, మా కోటబొమ్మాళికి ఎంతో దూరం లేని వంశధార ఒడ్డున, సుమారు అయిదువందల సంవత్సరాల పాటు రాజకుమారులకు పెట్టిన పేర్లలో వినబడిన మాట. ఆ సంగతి ఆ పిల్లవానికి తెలియదు. పేరు పెట్టిన తండ్రికీ తెలియదు. వారిని తప్పుపట్టడం న్యాయం కాదు. చెప్పవలసిన మనము చెప్పలేదు.

ముందుగా మాట సంగతి చూద్దాము. 'అర్ణస్' అంటే నీరు, పొంగే ప్రవాహం. ఆ శబ్దానికి 'వ' ప్రత్యయం చేరి, చివరి సకారం లోపించగా 'అర్ణవ' శబ్దం సిద్ధించినదని వ్యాకర్తలు చెప్పినారు. ఋగ్వేదంలోని అఘమర్షణ సూక్తంలో సముద్ర శబ్దమూ అర్ణవ శబ్దమూ పక్కపక్కనే కనబడతవి. అక్కడ అర్ణవం కదలక నిలిచిన నీరు కాదు. అలలు లేచి ఘూర్ణిల్లే నీరు. తరువాతి కాలంలో అది సముద్రానికి పర్యాయపదమై అమరకోశంలో చోటు సంపాదించుకొన్నది. కనుక మొదటి అక్షరం హ్రస్వమైన అకారమే. మూర్ధన్యమైన ణకారమే అందులోని ప్రాణం. దీర్ఘమిచ్చి, ణకారాన్ని నకారం చేస్తే అలలు పోయి ధ్వని మాత్రమే మిగులుతుంది.

ఈ అర్ణవ శబ్దాన్ని పేరు చివర నిలిపి, ముందు మరొక మాట చేర్చడం కళింగ గాంగ రాజులకు ఇష్టమైన పద్ధతి. గాంగశకం క్రీ.శ. 498 ప్రాంతంలో ఆరంభమైనదని పండితులలో పలువురి నిర్ణయం. ఆ శకంలో రెండవ శతాబ్దం నడుస్తున్నప్పుడు ఇంద్రవర్మ అనే రాజు తాను దానార్ణవుని కుమారుడనని శాసనాలలో చెప్పుకొన్నాడు. ఆ తరువాత దేవేంద్రవర్మ అనే రాజు గుణార్ణవుని కుమారుడుగా కనబడతాడు. శ్రీకాకుళం దగ్గరి సిద్ధాంతం గ్రామపు తామ్రశాసనం, గాంగశకం 195వ సంవత్సరానిది, ఈ దేవేంద్రవర్మదే. కొడుకులు వర్మలు, తండ్రులు అర్ణవులు! దానార్ణవుడు దానంలో సముద్రుడు. గుణార్ణవుడు గుణాలకు సముద్రుడు. చోడగంగు నాటి వంశావళిలో రణార్ణవుడు కూడా ఉన్నాడు. అతడు యుద్ధంలో సముద్రుడు.

ఈ పేర్లన్నీ గాంగుల సొంత ఆస్తి అని చెప్పను. వేంగీ చాళుక్యులలోనూ ఒక దానార్ణవుడు ఉన్నాడు. క్రీ.శ. 970 నుండి 973 వరకు పాలించి, జటాచోడ భీముని చేతిలో హతుడైనాడు. ఆయన కుమారుడు విమలాదిత్యుడు. విమలాదిత్యుని కుమారుడు రాజరాజ నరేంద్రుడు. అనగా మన ఆదికవి నన్నయను ఆదరించిన ప్రభువుకు తాత పేరు దానార్ణవుడు. ఇక క్రీ.శ. 941లో విక్రమార్జున విజయం రచించిన కన్నడ కవి పంపడు, తన ప్రభువైన వేములవాడ చాళుక్య అరికేసరిని గుణార్ణవుడనే బిరుదంతో పిలిచినాడు. ఒకచోట పేరుగా ఉన్నది మరొకచోట బిరుదం. అయితే కామార్ణవుడనే పేరు మాత్రం కళింగ గాంగుల వంశముద్రగా నిలిచినది. ఇంద్రునికి చెల్లే వజ్రహస్తుడనే పేరుతో జతపడి, తరం వెంట తరం అది మారుమ్రోగినది.

కామార్ణవుడని నల్లబల్లమీద వ్రాయగానే వెనుక బల్లలలోని పిల్లలు ముసిముసిగా నవ్వుతారు. ఉపాధ్యాయులు ఆ నవ్వుకు జంకనక్కరలేదు. కామము నాలుగు పురుషార్థాలలో ఒకటి. దానికి కోరిక అని అర్థం, మన్మథుడనీ అర్థం. కామ, అర్ణవ శబ్దాలకు సవర్ణదీర్ఘ సంధి. అర్థులు ఎన్ని కోరికలతో వచ్చినా తరగని సముద్రం వంటివాడు అని ఒక అర్థం చెప్పవచ్చు. సౌందర్యంలో మన్మథుడు, గాంభీర్యంలో సముద్రుడు అని మరొకటి. దానార్ణవ, గుణార్ణవ నామాల పక్కన నిలిపి చూచినప్పుడు నా మనస్సు మొదటి అర్థంవైపే మొగ్గుతుంది. ఇచ్చే గుణమే అక్కడి సముద్రం. రఘువంశంలో ఇందుమతీ స్వయంవర ఘట్టాన కాళిదాసు కళింగరాజును మహేంద్రగిరికీ మహోదధికీ అధిపతిగా చెప్పినాడు. ఒకవైపు కొండ, ఒకవైపు కడలి ఉన్న దేశపు రాజు తన బిడ్డను సముద్రుడని పిలవడంలో వింత ఏమున్నది?

ఈ పేరు వెనుక ఒక మనిషి బ్రతుకు కూడా కనబడుతుంది. అనంతవర్మ వజ్రహస్తుడు శకం 979లో, అనగా క్రీ.శ. 1057లో వేయించిన నడగాం తామ్రశాసనంలో తన పూర్వులను వరుసగా చెప్పినాడు. ఆ వంశావళి గుణమహార్ణవునితో మొదలవుతుంది. ఎవరెవరు ఎన్నేళ్లు ఏలినారో అందులో లెక్క ఉన్నది. ఒక కామార్ణవుడు 35 సంవత్సరాలు ఏలినాడు. అతని మనుమడైన మరొక కామార్ణవుడు ఏలినది అర్ధ సంవత్సరం మాత్రమే. ఆ అరయేటి రాజే ఈ వజ్రహస్తునికి తండ్రి. తల్లి వైదుంబ వంశపు వినయమహాదేవి. తండ్రి తరువాత సింహాసనం కుమారునికి రాలేదు. పినతండ్రి గుండముడు మూడేళ్లు, ఆ తరువాత మరొక పినతండ్రి మధుకామార్ణవుడు 19 ఏళ్లు పాలించినారు. ఇరవై రెండేళ్లు గడిచిన పిమ్మట, క్రీ.శ. 1038లో వజ్రహస్తుడు పట్టాభిషిక్తుడైనాడు. ఆరు నెలల పాలనను వదలివేసినా అడిగేవారు లేరు. ఆ కుమారుడు వదలలేదు. రాగిరేకుమీద తండ్రి పేరును, ఆ అరయేటి లెక్కను చెక్కించినాడు.

ఈ నడగాం శాసనాన్ని చదివి, పరిష్కరించి, ఎపిగ్రాఫియా ఇండికాలో ప్రకటించినది ఎవరో తెలిసినప్పుడు బడిపంతుళ్లమైన మనకు గర్వం కలుగుతుంది. ఆయన గిడుగు వేంకట రామమూర్తిగారు. 1863లో ముఖలింగం దగ్గరి పర్వతాలపేటలో పుట్టి, పర్లాకిమిడిలో ఉపాధ్యాయుడుగా జీవితం మొదలుపెట్టిన రామమూర్తిగారు, ముఖలింగం ఆలయపు గోడలమీది శాసనాలను స్వయంగా చదవ నేర్చుకొన్నారు. గాంగుల రాజధాని కళింగనగరం ఈ ముఖలింగమేనని వాదించి నిలిపినారు. వాడుకభాషకోసం ఆయన చేసిన పోరాటం అందరికీ తెలుసు. మూగబోయిన పేర్లకు ఆయన నోరిచ్చిన సంగతి కొందరికే తెలుసు.

నడగాం శాసనం తరువాత సుమారు 60 ఏళ్లకు, క్రీ.శ. 1118లో, వజ్రహస్తుని మనుమడు అనంతవర్మ చోడగంగు వేయించిన విశాఖపట్టణ తామ్రశాసనంలో వంశకథ ఇంకా వెనుకకు సాగినది. అక్కడ మూలపురుషుని పేరే కామార్ణవుడు! అతడు గంగవాడిని తండ్రి సోదరునికి విడిచిపెట్టి, నలుగురు తమ్ములతో తూర్పునకు వచ్చి, మహేంద్రగిరిమీద గోకర్ణస్వామిని అర్చించి, శబరాదిత్యుని గెలిచి కళింగాన్ని పొందినాడట. ఆ తమ్ములు దానార్ణవుడు, గుణార్ణవుడు, మారసింహుడు, వజ్రహస్తుడు. తరువాతి తరంలో రెండవ కామార్ణవుడు నగరాన్ని నిర్మించి, అక్కడ మధుకేశ్వరునికి ఆలయం కట్టించినాడట. మధుకం అంటే ఇప్పచెట్టు. ముఖలింగంలో స్వామి ఇప్పచెట్టునుండి వెలసినాడనే కథ నేటికీ చెబుతారు. మధుకామార్ణవుడనే పేరు వినగానే ఆ మధుకేశ్వరుడు స్ఫురించక మానడు.

చోడగంగు పేరే రెండు వంశాల కూడలి. తల్లి రాజసుందరి చోళ రాజపుత్రి. తండ్రి రాజరాజు గాంగుడు. అటువంటివాడు తన కుమారులలో ఒకనికి పూర్వుల పేరు కామార్ణవుడని పెట్టినాడు. క్రీ.శ. 1147 ప్రాంతంలో రాజ్యానికి వచ్చిన ఇతనిని చరిత్రకారులు ఏడవ కామార్ణవుడని లెక్కిస్తారు.

పాత పేరును పిల్లవానికి పెట్టి వంశానికి హక్కు చెప్పుకోవడం మన దేశానికే చెల్లిన విద్య కాదు. గాంగశకం పుట్టిన కాలంలోనే, పశ్చిమాన ఫ్రాంకుల రాజు క్లోవిస్ రాజ్యం చేస్తున్నాడు. ఆయన పాలన క్రీ.శ. 481 నుండి 511 వరకు. ఫ్రాంకుల పేర్లు కూడా రెండు మాటల కూర్పులే. క్లోవిస్ తండ్రి చిల్డెరిక్. కుమారులలో ఒకడు చిల్డెబర్ట్. రెండింటి మొదటా ఉన్న మాటకు యుద్ధమని అర్థం. తాత పేరులోని సగం మనుమని పేరులో నిలిచినది. క్లోవిస్ అసలు రూపం హ్లుదోవిగ్. కీర్తి, యుద్ధం అనే రెండు మాటల కలయిక. క్రీ.శ. 751లో ఆ వంశం పదవి కోల్పోయినది. చిల్డెరిక్, చిల్డెబర్ట్ వంటి పేర్లు క్రమంగా అరుదైపోయినవి. కాని 778లో మరొక వంశపు రాజు షార్లమేన్, తనకు కలిగిన కవలలకు ఆ పాత వంశపు పేర్లనే పెట్టినాడు. ఒకడు లూయీ, ఒకడు లొథార్. లూయీ అంటే క్లోవిస్సే. కాలం నోట నలిగిన రూపం. లొథార్ పసితనంలోనే పోయినాడు. లూయీ బ్రతికినాడు, రాజైనాడు. ఆ పేరు ఫ్రాన్సులో పదునెనిమిదవ లూయీ వరకు సాగినది. ఒక తండ్రి ఒక పసివానిని పాత పేరుతో పిలిచినందువల్ల, చావవలసిన పేరు వెయ్యేండ్లు బ్రతికినది.

కామార్ణవ నామానికి ఆ అదృష్టం పట్టలేదు. గాంగుల రాజ్యకేంద్రం వంశధార విడిచి ఉత్తరాన మహానది ఒడ్డున ఉన్న కటకానికి తరలినది. మూడవ అనంగభీముడు 13వ శతాబ్దంలో రాజ్యమంతా పురుషోత్తమ జగన్నాథునిదని, తాను సేవకుడనని ప్రకటించినాడు. పేర్లూ అటే తిరిగినవి. ఆయన కుమారుడు నరసింహుడు; కోణార్క సూర్యాలయం కట్టించినవాడు. అక్కడినుండి నరసింహుని తరువాత భానుదేవుడు, భానుదేవుని తరువాత నరసింహుడు. ఈ వరుస నాలుగవ భానుదేవుని వరకు తప్పలేదు. తాత పేరు మనుమనికి పెట్టే ఆచారం చక్కగానే నడిచినది, తాతలే మారిపోయినారు. 1434 ప్రాంతంలో వంశం అంతరించేనాటికి కామార్ణవుని పేరు రాగిరేకులలోనూ ఆలయపు గోడలమీదనూ మాత్రమే మిగిలినది.

ఈ కథ చెప్పడానికి ఆనాడు నాకు ఒక తరగతి పూర్తిగా పట్టినది. చివర పది నిమిషాలు మిగలగా, పిల్లలందరినీ తమ తాతల పేర్లు చెప్పమన్నాను. నల్లబల్ల నిండినది. ముఖలింగం, కూర్మారావు, అప్పలస్వామి, సింహాచలం, సూర్యనారాయణ. ప్రతి పేరూ ఒక గుడికి దారి చూపుతున్నది. శ్రీకూర్మం, సింహాచలం, అరసవిల్లి, శ్రీముఖలింగం, అన్నీ ఆ నల్లబల్లమీదనే ఉన్నవి. రాజు మధుకామార్ణవుడైతే, మన ఊరి రైతు ముఖలింగం. దేవుడు ఒక్కడే. ఆ పక్కనే మనుమల పేర్లు వ్రాయమన్నాను. సగానికి పైగా పేర్లకు పిల్లలు అర్థం చెప్పలేకపోయినారు.

కొత్త పేర్లు పెట్టవద్దని నేను అనను. వజ్రహస్తుడని పేరు పెట్టిననాడు అదీ కొత్తదే. పేరు పెట్టడం తల్లిదండ్రుల సంతోషం. అందులో వేలు పెట్టే హక్కు మనకు లేదు. కాని పేరుకు అర్థం చెప్పడం, ఆ మాట ఏ ఏటి ఒడ్డున ఎవరి నోట నానినదో చూపడం ఉపాధ్యాయుని పని. ఉపాధ్యాయులు ఒక గంట వెచ్చించి హాజరుపట్టీనే పాఠ్యగ్రంథంగా చదివించవచ్చు. సంధి, సమాసం, చరిత్ర, భూగోళం అన్నీ అందులో ఉన్నవి.

గంట కొట్టిన తరువాత ఆ పిల్లవాడు నా బల్ల దగ్గరకు వచ్చినాడు. "పది సర్టిఫికెట్‌లో తప్పుగానే పడిపోయింది మాస్టారూ, ఇప్పుడు మారదేమో" అన్నాడు. "కాగితం సంగతి తరువాత చూద్దాం. ముందు నీ పేరు నువ్వు సరిగా వ్రాయి" అన్నాను. నోటుపుస్తకం అట్టమీది పాత పేరును కొట్టివేసి, కింద నెమ్మదిగా, ణకారం దగ్గర కొంచెం ఆగి, 'అర్ణవ్' అని వ్రాసుకొన్నాడు.