మైకు లేని సత్యభామ: స్థానం నరసింహారావు కథ

నిజం చెప్పాలంటే ఈ వారం ఎపిసోడ్ ఒక జర్మన్ ఆపెరా గాయని మీద చేద్దామనుకున్నా. పేరు క్రిస్టా లూడ్విగ్. 1928లో బెర్లిన్‌లో పుట్టారు, 2021లో పోయారు. స్క్రిప్ట్ సగం రాసేశాను కూడా. రాస్తూ రాస్తూ ఒక చోట ఆగిపోయా. ఆవిడ మొట్టమొదట స్టేజి ఎక్కింది ఒక మగ పాత్రలో. తర్వాత బాగా పేరు తెచ్చిన వాటిలో ఆక్టేవియన్ అని ఇంకొకటి ఉంది, అది పదిహేడేళ్ల కుర్రాడి పాత్ర. రిచర్డ్ స్ట్రాస్ అనే జర్మన్ స్వరకర్త 1911లో ఆ ఆపెరా చేసినప్పుడే ఆ కుర్రాడి పాత్రని ఆడగొంతు కోసం రాశాడు. పైగా కథలో ఆ కుర్రాడు మళ్లీ పనిపిల్ల వేషం వేస్తాడు. అంటే మగవేషంలో ఉన్న ఆడమనిషి, ఆ వేషం మీద మళ్లీ ఆడవేషం.

భలే ఉందే అని అమ్మకి చెప్పాను. అమ్మ కూర తరుగుతూ, "దానికే అంత ఆశ్చర్యమా? మన స్థానం వారు సత్యభామ వేయలేదూ?" అంది. అంతే, స్క్రిప్ట్ పక్కన పెట్టేశా.

స్థానం నరసింహారావు గారు 1902లో బాపట్లలో పుట్టారు. 1920లో అక్కడే హరిశ్చంద్ర నాటకం ఆడుతుంటే చంద్రమతి వేషం కట్టాల్సిన ఆయన రాలేదు. ఈయన వేశారు. అలా మొదలైంది. తర్వాత తెనాలి రామవిలాస సభలో చేరి సత్యభామ, చింతామణి, రోషనార, విప్రనారాయణలో దేవదేవి, కన్యాశుల్కంలో మధురవాణి, ఇలా వేషం తర్వాత వేషం. మధురవాణి దగ్గర ఒక్క నిమిషం ఆగాలి. సత్యభామ అంటే పాటలున్నాయి, పద్యాలున్నాయి, గొంతు కాపాడుతుంది అనుకోవచ్చు. కన్యాశుల్కం వచన నాటకం కదా. అక్కడ మాట విరుపు, కంటి చూపు, నడక, వీటి మీదే నిలబడాలి.

ఇంకోటి కూడా చెప్పాలి. అప్పట్లో స్టేజి మీద ఆడవాళ్లే లేరు కాబట్టి మగవాళ్లు వేశారు అని తేలిగ్గా అనేస్తుంటాం. కానీ కడప జిల్లా సురభి గ్రామంలో 1885లో మొదలైన సురభి వాళ్ల నాటకాల్లో ఆడవేషాలు ఆడవాళ్లే వేసేవాళ్లు. అంటే పోల్చి చూసుకోవడానికి జనం ముందు నటీమణులు ఉన్నారు. ఉన్నా కూడా స్థానం వారి సత్యభామ కోసం టికెట్ కొన్నారు.

ఇప్పుడు నా ఇంజినీరింగ్ బుర్రకి పట్టుకున్న విషయానికొస్తా. మేం షూట్ చేసేది అమీర్‌పేటలో. కిటికీ మూసినా కోచింగ్ సెంటర్ల గోల, పంజగుట్ట వైపు వెళ్లే బండ్ల హారన్లు వస్తూనే ఉంటాయి. కాలర్ మైకు లేకపోతే ఎదురుగా రెండు గజాల దూరంలో ఉన్న కెమెరాకే నా మాట అందదు. మరి మైకు లేని రోజుల్లో చివరి వరసలో నేల మీద కూర్చున్నవాడికి ఎలా వినపడింది?

ఆపెరాలో దీనికి లెక్క తేల్చారు. స్వీడన్‌కి చెందిన యోహాన్ సుండ్‌బెర్గ్ అనే ఆయన కొలిచి చూపించాడు. ఆర్కెస్ట్రా శబ్దం బలమంతా దాదాపు 500 హెర్ట్జ్ చుట్టుపక్కల ఉంటుంది, పైకి పోయేకొద్దీ పలచబడుతుంది. బాగా సాధన చేసిన ఆపెరా గాయకుడి గొంతులో, ముఖ్యంగా మగగొంతులో, 3000 హెర్ట్జ్ దగ్గర ఇంకో గట్టి శిఖరం లేస్తుంది. అక్కడ వాయిద్యాల పోటీ తక్కువ, మన చెవి కూడా అక్కడ బాగా చురుగ్గా ఉంటుంది. అంటే గట్టిగా అరవడం కాదన్నమాట, ఖాళీగా ఉన్న దారి చూసుకుని పోవడం. మనవాళ్లు వేరే దారి పట్టారు. హార్మోనియం పక్కనే, శ్రుతి ఎత్తులో, పద్యం చివర రాగం సాగదీసి వదలడం. వెనక నుంచి "వన్స్ మోర్" అని కేక వస్తే మళ్లీ మొదటి నుంచి పాడాలి. ఒకసారి పాడి అలసిపోయిన గొంతుతో అదే పద్యం రెండోసారి, అదీ ఆడవేషం చెదరకుండా!

శ్రీకృష్ణ తులాభారం నాటకం ముత్తరాజు సుబ్బారావు గారిది. అందులో సత్యభామ కోసం స్థానం వారు తనే ఒక పాట రాసుకున్నారు. అదే 'మీరజాలగలడా'. ఇప్పుడు మీలో చాలామంది "అది సినిమా పాట కదా" అంటారని తెలుసు. నేనూ అలాగే అనుకున్నా. 1966లో వచ్చిన తులాభారం సినిమాలో సుశీల గారు పాడారు, జమున గారు నటించారు. మా ఇంట్లో ఎప్పుడు టీవీలో వచ్చినా ఛానల్ మార్చనివ్వరు. రాసిన వ్యక్తి, జనం ముందు పాడి నిలబెట్టిన వ్యక్తి ఒక మగ సత్యభామ అని మాత్రం నాకు మొన్నటిదాకా తెలియదు.

నాకు మనసు చివుక్కుమన్నది ఇక్కడే. 1940ల మొదట్లో 'సత్యభామ' అని ఒక సినిమా వచ్చింది. స్థానం వారు అందులో ఉన్నారు. సత్యభామగా కాదండీ, కృష్ణుడిగా! సత్యభామ వేసింది పుష్పవల్లి గారు. నా మట్టుకు నేను కెమెరాని తప్పుపట్టను. స్టేజికీ జనానికీ మధ్య దూరం ఉంటుంది, ఆ దూరంలోనే నడకా, మెడ తిప్పడమూ ఆడతనంగా మారతాయి. క్లోజప్‌లో ఆ దూరం పోతుంది. ఆయన ఇరవయ్యేళ్లు చెక్కుకున్న పని మొత్తం ఆ దూరం మీదే కట్టింది. ఫలితం ఏమిటంటే, ఆయన గొప్పగా చేసిన సత్యభామని మనం ఇవాళ తెర మీద చూడలేం.

1956లో ఆయనకి పద్మశ్రీ వచ్చింది. సరిగ్గా అదే ఏడాది డిసెంబర్‌లో లండన్‌లో కరాయన్ నిర్వహణలో లూడ్విగ్ ఆక్టేవియన్ పాత్రని పూర్తిగా రికార్డ్ చేశారు. మూడు గంటలు దాటే ఆపెరా. ఈరోజు మెట్రోలో కూర్చుని ఫోన్‌లో వినొచ్చు, నేను అమీర్‌పేట నుంచి మియాపూర్ దాకా విన్నాను కూడా. స్థానం వారు 1971లో పోయారు. తన అనుభవాలు 'నటస్థానం' అనే పుస్తకంగా రాసిపెట్టారు. గొంతు గ్రామఫోన్ రికార్డుల్లో కాస్త మిగిలింది, ఒక్కో వైపు మూడు నిమిషాల చొప్పున.

మీరు ఒక పని చేయండి. ముందు సుశీల గారి పాట వినండి, వెంటనే హెడ్‌ఫోన్స్ తీయకుండా పాత రికార్డు వెతికి పెట్టండి. గరగరలాడుతుంది, మొదటి అర నిమిషం విసుగొస్తుంది, ఓపిక పట్టండి. లూడ్విగ్ గారి మిగతా సగం స్క్రిప్ట్ వచ్చే వారం.